గ్రంథమునందు లేని పాత్ర: విదూషక కళావిమర్శ

పుదుచ్చేరి పట్టణమునకు ఉత్తరపు వైపున లాస్‌పేట యున్నది. పదునెనిమిదవ శతాబ్దమున అచ్చట ఫ్రెంచి గవర్నరుగా నుండిన లా ద లోరిస్టన్ పేరు ఆ పేటకు నిలిచిపోయినది. దాని నానుకొని కరువడిక్కుప్పము కలదు. 1908 మొదలు 1918 వరకు పుదుచ్చేరిలో తలదాచుకొనిన సుబ్రహ్మణ్య భారతి తన 'కుయిల్ పాట్టు' అను కావ్యమును అచ్చటి తోపును తలచి వ్రాసెనని జనులు నేటికిని చెప్పుకొందురు. ఆ కరువడిక్కుప్పపు రుద్రభూమిలోనే తమిళ నాటకమునకు గురుస్థానీయుడైన శంకరదాస్ స్వామిగళ్ సమాధి యున్నది. ఆయన 1922 నవంబరు 13వ తేదీన పుదుచ్చేరిలో మరణించెను. రంగస్థల కళాకారులు ఆ సమాధికడ చేరి నివాళు లర్పించుట ఆచారముగా వచ్చుచున్నది.

కవికి తోపున్నది, నాటకకర్తకు సమాధి యున్నది. ఆ నాటకములను రాత్రి పది గంటలకు ప్రారంభించి, నిద్రకు తూగు జనమును తెల్లవారువరకు కూర్చుండబెట్టిన హాస్యగానికి మాత్రము స్మారకచిహ్న మేదియు లేదు. ఇది ఒక్క ఊరికి, ఒక్క భాషకు చెందిన లోపము కాదు. తెలుగు సాహిత్య చరిత్రలోను ఇదే లోప మున్నది. నాయకుని పద్యము తాళపత్రమున నిలిచినది. దాని ప్రక్కన నిలిచి నవ్వించిన వాని మాట నోటితో పుట్టి నోటితోనే పోయినది. పోయినది హాస్యమే యైనచో చింతింప బని లేదు. నాటకమునకును దానిని చూచు జనమునకును నడుమ నుండిన వంతెన యొకటి దానితో కూలినది. అందుచేత ఈ పాత్ర విమర్శకు యోగ్యమగుచున్నది.

పుదుచ్చేరి ప్రస్తావన తెలుగువారికి పరాయిది కాదు. ఫ్రెంచివారి దుబాసీయైన ఆనందరంగ పిళ్ళ (1709–1761) పేర కస్తూరి రంగకవి ఆనందరంగరాట్ఛందమును రచించినాడు. తెలుగు మాటలాడు యానాము నేటికిని పుదుచ్చేరి పాలనలోనిదే. అంతకు మించి, ఆ పట్టణపు చుట్టుపట్టుల పల్లెలలో ఆడు తెరుక్కూత్తులోని హాస్యగాడును, తంజావూరు మండలమున తెలుగు నాటకముల నాడు భాగవతమేళమందలి హాస్యగాడును, కూచిపూడి మాధవియు, తోలుబొమ్మల కేతిగాడును ఒక్క కుటుంబమువారు. వారిని కలిపి చూచిననే గాని వారి కళాస్వరూపము తేటపడదు.

శంకరదాస్ స్వామిగళ్ (1867–1922) తమిళ పురాణ నాటకములకు స్థిరమైన పాఠము నిచ్చినవాడు. 1918లో మదురలో బాలుర నాటకసభను స్థాపించి, పసివాండ్రకు పాటయు మాటయు నేర్పి, రంగస్థలమునకు క్రమశిక్షణను తెచ్చినాడు. ఆయన పాఠము ఎంతటి ప్రామాణ్యమును పొందెననగా, తరువాతి కాలమున వేరువేరు ఊళ్ళనుండి వచ్చిన నటులు ముందుగా కలిసికొనకయే ఒక రాత్రి ఒక వేదికపై నాటకము నాడగలిగిరి. 'స్పెషల్ నాటకము' అని తమిళులు పిలుచునది ఇదియే. తెలుగునాట 'కాంట్రాక్టు నాటకము' అను పేర జరిగినదియు ఇట్టిదే. పేరుమోసిన నటుని ఒక ఊరినుండి, నటిని మరియొక ఊరినుండి రప్పించి, అభ్యాసము లేకుండగనే నాటకమును నడిపించెడివారు. పద్యములు అందరికిని కంఠస్థములు. కథ అందరికిని తెలిసినది.

అట్టి నాటకమున అందరికిని ముందుగా తెలియనిది ఒక్కటే: ఆ రాత్రి ఎదుట కూర్చున్న జనము ఎట్టివారు? ఆ సంగతి కనుగొనువాడు బఫూను. తమిళ స్పెషల్ నాటకములో కథ మొదలు కాకమునుపే అతడు ఒంటరిగా వచ్చి జనముతో మాటలాడును; నర్తకితో కలిసి ఆడును; పోట్లాడును. ఈ భాగము కొన్ని గంటలు సాగుట కలదు. స్వామిగళ్ పాఠములో దీనికి చోటు లేదు. అయినను దీనిని తీసివేసినచో నాటకము నిలువదు. ఏలననగా అభ్యాసము లేని నటవర్గమునకు జనము నాడిని పట్టి చూపువాడు అతడే. ఏ మాటకు నవ్విరి, ఏ మాటకు ముఖము చిట్లించిరి, ముందు వరుసలో ఊరి పెద్ద లెవరు, వెనుక వరుసలో నిలువబడిన పోకిరివాండ్రు ఎందరు—ఇదంతయు అతడు మొదటి గడియలోనే లెక్క వేసికొనును. తెరచాటున నున్న నాయకుడు ఆ లెక్కను వినుచుండును. దీనిని నాటకమునకు ముందరి కాలక్షేప మనుకొనుట పొరపాటు. ఇది నాటకమునకు పునాది.

కూత్తులో ఈ పని మరింత స్పష్టముగా కనబడును. అందలి హాస్యగానికి 'కట్టియక్కారన్' అని పేరు. రాజు రాకను చాటు వేత్రధారి యని ఆ మాట కర్థము. తెలుగు కోశములలోని 'కట్టికవాడు', అనగా బెత్తము పట్టి ముందు నడచువాడు, దీనికి చుట్టమే. కూత్తులో పాత్ర నేరుగా రంగమునకు రాదు. ఇద్దరు పట్టిన తెర వెనుక నిలిచి, తన గొప్పను పాటగా పాడును. కట్టియక్కారన్ తెర కీవల నిలిచి, వచ్చినవా డెవ్వడని, వచ్చిన పని యేమని ప్రశ్నించును. దుర్యోధనుడంతటివాడును ఆ ప్రశ్నకు సమాధానము చెప్పవలసినదే. చెప్పిన సమాధానమును కట్టియక్కారన్ జనుల వాడుక భాషలోనికి దించును. దించుటలో కావలెనని అపార్థము చేసికొనును. ఆ అపార్థమునుండి ఊరి సంగతులు, ధరల సంగతులు, అధికారుల సంగతులు పుట్టుకొని వచ్చును. రాజు కోపించును; సేవకుడు వణకును; మరల అదే పని చేయును.

ఇచ్చట గమనింపవలసిన విశేష మొకటి కలదు. ద్రౌపదీ అమ్మవారి ఉత్సవములలో ఆడు కూత్తు వట్టి వినోదము కాదు. వస్త్రాపహరణ ఘట్టము చూచువారికి క్రతువుతో సమానము. అట్టి ఘట్టమున హాస్యగాని ఉనికి మొదటి చూపునకు అపచారముగా తోచును. కాని భారతము నాటి సభలో ఎవరును అడుగలేని ప్రశ్నను, ఎదుట కూర్చున్న ఊరివారి తరఫున అడుగగలవాడు అతడొక్కడే. ద్రోణుడును భీష్ముడును మిన్నకున్న సభలో కూలివాని మాట వినబడుట సామాన్య విషయము కాదు. ఆ మాట నవ్వుగా వచ్చుటచేతనే రాజు దానిని సహించుచున్నాడు; నవ్వుగా వచ్చుటచేతనే జనము దానిని మరువదు.

కట్టియక్కారన్ పొరుగింటివాడనుకొన్నచో, కోణంగి తెలుగింటివాడే. తంజావూరు మండలమందలి మేలట్టూరు గ్రామమున నరసింహ జయంతి సందర్భమున ఆడు భాగవతమేళ నాటకములు తెలుగు నాటకములు. మేలట్టూరు వేంకటరామశాస్త్రి ప్రహ్లాద చరిత్ర మందలి తెలుగు దరువులను, ఇంట తమిళము మాటలాడు కుటుంబములవారు తరతరములుగా భక్తితో పాడుచున్నారు. ఆ నాటకమున అందరికంటె ముందు రంగమున కాలు మోపువాడు నాయకుడు కాడు, సూత్రధారుడు కాడు. కోణంగి మొదట వచ్చును. కొనదేరిన టోపితో గంతులు వేయుచు వచ్చి, సభ్యులను సద్దు సేయక కూర్చుండుడని హెచ్చరించి పోవును. ఆ వెనుక విఘ్నేశ్వరుడు వచ్చును. దేవునికంటె ముందు హాస్యగాడు వచ్చుటలో ఒక నాట్యధర్మ మున్నది. జనసమూహము సభగా మారిననే గాని దేవుడు రాడు. జనమును సభగా మార్చువాడు కోణంగి.

ఈ ధర్మము భరతుని నాటిది. నాట్యశాస్త్రము పూర్వరంగమున 'త్రిగత' మను అంగమును విధించినది. సూత్రధారుడు, పారిపార్శ్వికుడు, విదూషకుడు అను మువ్వురు అందులో సంభాషింతురు. విదూషకుడు పొంతన లేని మాటలాడి సూత్రధారుని నవ్వించును. పిమ్మట నాటకమున అతడు నాయకునికి చెలికాడగును. పుట్టుకచేత బ్రాహ్మణుడయ్యును అతడు సంస్కృతము మాటలాడడు. ప్రాకృతమే అతని భాష. ఈ ఒక్క నియమములో విదూషక కళారహస్యమంతయు ఇమిడియున్నది. అధికారమున్న భాషకు హక్కుదారుడై యుండియు దానిని విడిచి, ఆ అధికారము లేనివారి భాషలో మాటలాడువాడు విదూషకుడు. అతని బట్టతల, వంకరకాళ్ళు, తిండిపోతుతనము ఆ తరువాతి సంగతులు.

సంస్కృత కవులలో ఉత్తములు ఈ పాత్రను అలంకారముగా వాడుకొనలేదు. మృచ్ఛకటికమందలి మైత్రేయుని చూడవలెను. చారుదత్తుని సంపద పోయినను అతడు విడిచిపోలేదు. చివరకు న్యాయస్థానమున, మిత్రుని కాపాడవచ్చిన మైత్రేయుడు శకారునితో కలియబడగా, అతని చంకనుండి వసంతసేన నగలు జారిపడును. ఆ నగలే చారుదత్తునికి మరణశిక్షను తెచ్చును. హాస్యగాని శరీరమునుండి జారిన మూట నాటకమును విషాదపు అంచునకు త్రోయుట శూద్రకుని ప్రతిభ. ఎప్పుడును తొట్రుపడి నవ్వించువాడు ఒక్కసారి తొట్రుపడి ఏడిపించినాడు. కేరళ దేశపు కూడియాట్టములో విదూషకునికి ఇంతకంటె పెద్ద పీట వేసినారు. నాయకుని సంస్కృత శ్లోకమును అతడు మలయాళమున వివరించును. దానికి పోటీగా హాస్య శ్లోకమును కట్టును. పురుషార్థములను వెక్కిరింతగా వర్ణించుచు రాత్రుల తరబడి ఒంటరిగా రంగమును ఏలును. రాజు ఎదుట నున్నను అతని నోటికి అడ్డు లేదని ఆచారము.

తెలుగు నేలపై ఈ పాత్ర మరియొక రూపము దాల్చినది. సిద్ధేంద్రయోగి భామాకలాపమున మాధవి సత్యభామకు చెలికత్తె. ఆ మాధవియే కృష్ణుని కడ మాధవుడగును. ఒక్కడే పురుషుడు, సూత్రధారుడు, వేషము మార్చకయే ఈ రెండు పాత్రలను నడపును. భామ తన భర్త పేరు చెప్పలేక సిగ్గుపడును. మాధవి ఆ సిగ్గును సాగదీయును. భామ లేఖ నిచ్చును. మాధవి దానిని కొనిపోవుటకు కూలి యడుగును. ఆ కూలి ఆమె ముక్కెర. లోకమున దేనినైన విడుచుటకు సిద్ధపడిన సత్యభామ ముక్కెర దగ్గర బేరమాడును. అహంకారపు విరహము ఎట్టిదో ఈ బేరములో తెలిసినట్లు ఏ పద్యములోను తెలియదు. వేదాంతం సత్యనారాయణ శర్మ (1935–2012) వంటి మహానటుని సత్యభామ ఆ ఎత్తుకు చేరుటకు ఎదుట నిలిచిన మాధవి ప్రశ్నలు మెట్లు. భామ మేలిమి బంగారమైనచో మాధవి ఒరపిడిరాయి. రాయిని ఎవరును మెడలో ధరింపరు. కాని రాయి లేనిదే బంగారము విలువ తేలదు.

తోలుబొమ్మలాటలో హాస్యము ఇంత నాగరికమైనది కాదు. రామరావణ యుద్ధము నడుమ తెరపైకి కేతిగాడును బంగారక్కయు ఊడిపడుదురు. వారి వెంట జుట్టుపోలిగాడు, అల్లాటప్పగాడు వత్తురు. వారికి రామాయణముతో చుట్టరికము లేదు. ఊరితోనే వారి చుట్టరికము. వారి మాటలో బూతున్నది, పరిహాస మున్నది, ఆ యేటి కరవున్నది, మునసబు మీద కోపమున్నది. రాముని బొమ్మ నిలిచి పద్యము చెప్పును. కేతిగాని బొమ్మకు కాలును చేయియు నడుమును వేరువేరుగా ఆడును. తోలును కత్తిరించి అతుకు పెట్టిన వారికి తెలిసిన సత్యము ఇది: నాయకుని శరీరము చిత్రము, హాస్యగాని శరీరము చేష్ట. నిమ్మలకుంట కళాకారుడు దళవాయి చలపతిరావుకు 2020లో పద్మశ్రీ వచ్చినది. బొమ్మకు గౌరవము వచ్చుట సంతోషింపదగినది. కాని బొమ్మను గోడకు తగిలించి గౌరవింపవచ్చును. కేతిగాని మాటను తగిలించుటకు గోడ లేదు.

ఈ పాత్రలను తెలుగు సమాజము ఎట్లు చూచెనో తెలుగు భాషయే చెప్పుచున్నది. కోణంగి యన్నను, కేతిగాడన్నను నేడు తిట్టు. అల్లాటప్ప యనగా విలువలేనివాడు. నాయకుల పేర్లు పిల్లలకు పెట్టిరి. హాస్యగాండ్ర పేర్లు తిట్టుటకు ఉంచుకొనిరి. పండితులును ఈ పక్షపాతమునకు పూర్తిగా వెలి కాలేదు. ఎస్వీ జోగారావు ఆంధ్ర యక్షగాన వాఙ్మయ చరిత్ర (1961) మహాపరిశ్రమ ఫలము. అట్టి గ్రంథములు చేయగలిగినది లిఖితముగా దొరికినదానిని పరిశీలించుట. హాస్యగాని భాగము వ్రాతలో దొరకదు. వ్రాతప్రతిలో అచ్చటచ్చట అతని ప్రవేశమున్నదన్న గుర్తు మాత్రమే నిలుచును. ఆ గుర్తు వెనుక అరగంట హాస్యముండినదో, రెండు మాటలే యుండినవో చదువరికి తెలియదు. చరిత్రకారుని తప్పు కాదిది, సాధనము చాలకపోవుట.

అయినను ఈ వ్రాయబడని పాత్ర తెలుగు వచనమునకు చేసిన మేలు తక్కువది కాదు. 1897వ సంవత్సరమున రెండు నాటకములు అచ్చుపడినవి. వేదము వేంకటరాయ శాస్త్రి ప్రతాపరుద్రీయము ఒకటి. గురజాడ అప్పారావు కన్యాశుల్కము రెండవది. వేదమువారు గ్రాంథిక పక్షమున నిలిచిన దిగ్దంతి. అట్టివారును పాత్రోచిత భాష యను నియమముతో చాకలి పేరిగాని నోట వాడుక తెలుగు పలికించిరి. రాజభాషకు పక్కన పేరిగాని భాష నిలిచినది. గురజాడ ఇంకొక అడుగు వేసి ఆ హద్దునే చెరిపివేసినాడు. కన్యాశుల్కమున విదూషకుడు వేరుగా లేడు. అందరును వాడుక భాషయే మాటలాడుదురు. ప్రతివాడును తన వంతునకు నవ్వులపాలగును. గిరీశమును విదూషకు డనుట తగదు. విదూషకుడు తాను మూర్ఖుడనని ఎరిగినవాడు. గిరీశము ఎదుటివారందరును మూర్ఖులని నమ్మినవాడు. ప్రాకృతమునుండి పేరిగాని వరకు నవ్వించువాని నోటిలో దాగియుండిన భాష, గురజాడ చేతిలో సాహిత్య భాష యయ్యెను. వ్యావహారిక వాదమునకు శాస్త్రజ్ఞులు వాదబలము నిచ్చిరి. దానికి రంగస్థలమున శతాబ్దముల తరబడి సాధన చేసినవాడు హాస్యగాడు.

ఇక్కడ ఒక సమస్య తలయెత్తును. హాస్యగాని మాటను వ్రాసి స్థిరపరుచుట మేలా, వదిలివేయుట మేలా? ఐరోపాలో ఈ ప్రశ్నకు రెండు సమాధానములు వచ్చినవి. ఇటలీ హాస్య నాటక మండలులలో కథకు చట్రము మాత్రమే యుండెడిది. మాటను నటులే అప్పటికప్పుడు కల్పించెడివారు. కార్లో గొల్డోని ఇద్దరు యజమానుల సేవకుని కథను మొదట అట్టి చట్రముగనే ఇచ్చి, తరువాత 1753 నాటికి సంభాషణలన్నియు తానే వ్రాసి ప్రకటించెను. నటుల వెకిలితనము తగ్గినది; నాటకము నిలిచినది; కాని నటుడు కవియై యుండుట ముగిసినది. పారిస్ నగరమున వేరొకటి జరిగినది. చిన్న నాటకశాలలకు సంభాషణ పలుకు అనుమతి లేదని ప్రభుత్వము కట్టడి చేసినది. ఫ్యునాంబుల్ అను నాటకశాలలో ఝాఁ గస్పార్ దెబ్యురో (1796–1846) ఆ కట్టడి క్రిందనే తెల్లని ముఖముతో, పెదవి కదపక, పియెరో పాత్రను ఆడి నగరమునంతను ముగ్ధముచేసెను. నోరు మూసినచో శరీరము మాటలాడినది. ఈ రెండు ఉదాహరణములు చెప్పునది ఒక్కటే. విదూషక కళ మాటలో పుట్టలేదు, మాట పోయినచో చావదు. ఎదుటివారితో ఆ క్షణమున కలుగు సంబంధములో అది పుట్టును; ఆ సంబంధము చెడినచో చచ్చును.

ఈ సూత్రమునుండి విమర్శకు కావలసిన కొలబద్దలు మూడు లభించుచున్నవి. నవ్వు ఎవరిమీద పడుచున్నది అనునది మొదటిది. ఉత్తమ హాస్యగాడు ముందుగా తన్ను తాను తగ్గించుకొనును. ఆ తగ్గిన చోటునుండి పైనున్న వానిని చూచి నవ్వించును. కట్టియక్కారన్ సేవకుడై రాజును ప్రశ్నించుచున్నాడు. రాజై సేవకుని వెక్కిరించుట లేదు. నవ్విన పిమ్మట ప్రేక్షకుడు నాటకములోనికి తిరిగి వచ్చుచున్నాడా అనునది రెండవది. మాధవి ముక్కెర నడిగిన తరువాత భామ విరహము చిక్కబడును, పలుచబడదు. ఆ రాత్రి, ఆ ఊరు హాస్యగాని మాటలో ఉన్నవా అనునది మూడవది. ఎచ్చట పలికినను ఒక్క తీరుగా చెల్లు హాస్యము కంఠస్థమైన హాస్యము. అది విదూషక కళ కాదు.

ఈ కొలబద్దలతో చింతామణి నాటకమును చూడవలసియున్నది. కాళ్ళకూరి నారాయణరావు (1871–1927) వేశ్యావృత్తి దోషమును చూపుటకు దానిని రచించెను. బిల్వమంగళుని పద్యములు ఆంధ్రదేశమంతట మార్మోగినవి. అందులో సుబ్బిశెట్టి పాత్ర కలదు. ధనము పోగొట్టుకొని, పరువు పోగొట్టుకొని, ఆ ఇంటి గడపను విడువలేని వర్తకు డతడు. రచయిత ఉద్దేశమున అతని పతనమును నాయకుని పతనమునకు నీడ. పద్యము పాడు నాయకుడు ఏ బురదలో దిగుచున్నాడో, పద్యము రాని సుబ్బిశెట్టి ముందుగనే దిగి చూపుచున్నాడు. ఈ దృష్టితో అతడు ఉత్తమ విదూషక సంతతివాడు.

కాని కాంట్రాక్టు నాటకముల కాలమునుండి దశాబ్దముల తరబడి రంగస్థలమున ఆ పాత్ర పెరిగినది. పెరిగినది గ్రంథమునుండి కాదు, నటుల నోటినుండి. ఒక ఊరిలో చప్పట్లు తెచ్చిన బూతుమాట మరునాడు వేరొక ఊరిలో తప్పనిసరి యైనది. చప్పట్లకొరకు చేర్చినది పాఠమువలె స్థిరపడినది. ఆ రాత్రికి పుట్టి ఆ రాత్రికే పోవలసిన మాట తరములు మారినను పోలేదు. ఒక్క మనిషి దౌర్బల్యముపై పడవలసిన నవ్వు అతని కులముపై పడినది. నవ్విన పిమ్మట ప్రేక్షకుడు బిల్వమంగళుని కడకు తిరిగి రాలేదు. సుబ్బిశెట్టి తిరిగి ఎప్పుడు వచ్చునని ఎదురుచూచినాడు. మూడు కొలబద్దలలో ఒక్కటియు నిలువలేదు. ఆర్యవైశ్యుల అభ్యంతరముపై ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వము 2022 జనవరిలో ఆ నాటక ప్రదర్శనను నిషేధించినది.

నొచ్చుకొనినవారి బాధ నిజమైనది. దానిని తేలికచేసి మాటలాడుట కళాభిమానము కాదు. అట్లని నిషేధము ఈ రోగమునకు మందు కాదు. నిషేధము గ్రంథమును, చేర్పును, మంచి నటుని, చెడ్డ నటుని ఒక్క గాటను కట్టును. వందేండ్ల నాటకము ఆడగూడనిదైనచో రచయిత చూపదలచిన పతనకథయు దానితో మరుగుపడును. ఇక్కడ మొదట తప్పినది ప్రభుత్వము కాదు, నటవర్గమును కాదు, విమర్శ తప్పినది. పద్యములో యతి తప్పినచో పత్రికలలో పుటలకొలది చర్చించిన విమర్శకులు, సుబ్బిశెట్టి నోట చేరిన మాటలను హాస్యమని వదిలివేసిరి. అది సాహిత్యము కాదు గనుక తమకు పట్టదని తలంచిరి. ఇది బాగున్నది, ఇది కూడదు అని చెప్పువారు లేనిచోట కళ దిగజారుట వింత కాదు. విమర్శకుడు చేయని పనిని చివరకు అధికారి చేయవలసి వచ్చినది. అధికారికి తెలిసిన పద్ధతి మూసివేయుట ఒక్కటే. 1876 నాటి నాటక ప్రదర్శనల శాసనము మొదలు ఈ దేశమున జరుగుచున్నది ఇదే.

రచయితలు చేయవలసిన పనులు దీనినిబట్టి తేలుచున్నవి. కూత్తు, మేళము, బొమ్మలాట, వీధిభాగవతము ఆడుచోట హాస్యగాని భాగమును ఊరు, తేది, సందర్భముతో సహా ఎత్తి వ్రాయుట మొదటి పని. నేడు యంత్రములు దృశ్యమును సులభముగా పట్టి యుంచుచున్నవి. కాని ఏ మాటకు జనము ఎందులకు నవ్విరో ఏ యంత్రమును చెప్పదు. ఆ వ్యాఖ్యానము వ్రాయుటకు ఊరి సంగతు లెరిగిన రచయిత కావలెను. అట్లు వ్రాసినదానిని తరువాతి నటుడు వల్లించుటకు కాక, తన ఊరికి తన మాట కట్టుకొనుటకు మచ్చుగా నుంచవలెను. కొత్త నాటకములలో హాస్యగానికి మాట యంతయు వ్రాసి పెట్టక చోటు విడిచి యుంచుట రెండవ పని. గొల్డోని చేసినది ఆ కాలమునకు చెల్లినది. తెలుగు నాటకమున గ్రంథమునకు కొరత లేదు, గ్రంథమునకు వెలుపలి గాలికే కొరత. మూడవది విమర్శకుల పని. హాస్యగాని ఆటను, రాగము పాడిన నాయకుని ఆటతో సమానమైన శ్రద్ధతో తూచవలెను. పడుట, తడబడుట, ఆగుట, ఎదుటివాని మాట ముగియకముందే అందుకొనుట, ముగిసిన పిమ్మట ఒక్క క్షణము తాళి అందుకొనుట—వీనిలో ప్రతి దానికిని సాధన యున్నది. ఆ సాధనకు పేర్లు పెట్టిననాడు హాస్యగాండ్రలో మంచి చెడ్డలు వేరగును.

తెలుగులో కావ్యనాయకులకు లక్షణములు కలవు. నాయికలకు ఎనిమిది అవస్థలు కలవు. రాత్రంతయు జనమును మేల్కొలిపి యుంచినవాని లక్షణము ఇంకను తెలుగున వ్రాయబడలేదు. అది వ్రాయబడువరకు అతని చెడ్డ మాటకు నిషేధమును, మంచి మాటకు మరపును సమానమైన ప్రతిఫలములుగా దక్కుచునే యుండును.